పాటలావిడ కొలతలు

మా వైపు ఎవరైనా కొన్నాళ్ల తర్వాత కనబడితే ముందు ఒంటి సంగతే ఎత్తుతారు. "ఏమే, ఇంతలా చిక్కిపోయావు?" అని మా పిన్ని నేను బస్సు దిగీ దిగకముందే అనేది. నేను అప్పటికి గాదెలా తయారై ఉన్నా సరే, అదే మాట. అది వార్త కాదు, ఆపేక్ష. అక్కడ నీకు సరిగ్గా పెట్టేవాళ్లు లేరు కదా అని దానర్థం. మరీ కళ్లకు కొట్టొచ్చినట్టు లావైతే, "కాస్త ఒళ్లు చేశావు, ఇప్పుడు బావున్నావు" అనేది. ఎటు తిప్పి అన్నా ప్రేమే. ఆ నోటితోనే నేను నార్త్ కరోలినాలోని మోరిస్‌విల్‌కి కాపురానికి వచ్చాను.

నోరు మంచిదైతే ఊరు మంచిదంటారు. నా నోటికి ఈ ఊళ్లో ఒకసారి గట్టిగా వాత పడింది. ఆ వాతకు భయపడి నోరు కట్టేసుకున్నాను. తెరవాల్సిన వేళ కూడా తెరవలేదు. నా కళ్లముందు ఒక మనిషి అంగుళం అంగుళం తగ్గిపోతుంటే డాక్టర్ల కంటే ముందు నా టేపుకి తెలిసింది. నేను చెప్పలేదు. ఇది రాయడానికి కారణం అదే, వేరే ఏమీ లేదు.

ఆవిడ కంట్రీ మ్యూజిక్ పాడేది. గిటారు, ఫిడేలు పెట్టుకుని పాడే ఇక్కడి పల్లెపాటలు. తాగుబోతు మొగుళ్లు, ఒంటరి రోడ్లు, చచ్చిపోయిన అమ్మలు, అమ్ముకున్న పొలాలు, అవీ వాటిలో ఉండేవి. మా ఇంట్లో ఆవిడ పేరు ఎవరూ పలకలేదు. మా ఆయన మొదటిరోజే "మీ పాటలావిడ వచ్చింది" అన్నాడు, అదే ఖాయమైంది. నా కొలతల పుస్తకంలో కూడా ఆ పేజీ మీద "పాటలావిడ" అనే ఉంటుంది.

నేను మా ఆయన వీసా వెనకాల వచ్చినదాన్ని. చాలా ఏళ్లు పనిచేసే వీలు లేదు. చీరాలలో పిన్ని దగ్గర కూర్చుని నేర్చుకున్న మగ్గం పని చేతుల్లోనే ఎండిపోతుందనుకున్నాను. వర్క్ పర్మిట్ వచ్చిన నెలలోనే గరాజ్ సగం ఖాళీ చేయించి కుట్టుమిషనూ, బట్ట బిగించి పూసలు కుట్టే కర్ర మగ్గమూ పెట్టాను. మా ఆయన కారు అప్పటినుంచీ ఎండకీ మంచుకీ బయటే. తెలుగువాళ్ల పెళ్లి బ్లౌజులతో మొదలైంది. దగ్గర్లో డ్రై క్లీనింగ్ షాపు నడిపే కొరియన్ ఆయన తనకు చేతకాని బట్టలన్నీ నా దగ్గరికి తోలేవాడు. అలా ఒక సెప్టెంబరు మధ్యాహ్నం, చేతి మీద నల్ల కోటు వేసుకుని ఆవిడ మా గరాజ్ ముందు దిగింది.

యాభై దాటిన మనిషి. బాగా పొడుగు. మొక్కజొన్న పీచు రంగు జుట్టు, అది వేసుకున్న రంగేనని ఆవిడే చెప్పింది. మాట్లాడితే బొంగురుగా ఉండేది, ఇలాంటి గొంతుతో పాటేం పాడుతుందా అనుకున్నాను. కోటు మీద ఎర్ర గులాబీలు, వాటి చుట్టూ రాళ్లు, సగం రాలిపోయి. జిగురుతో అంటించిన పని. "అంటించిన రాయి పాట మధ్యలో రాలుతుంది మ్యామ్. నేను సూదితో కుడతాను, మీరు ఎగిరినా రాలదు" అన్నాను. "ఎగిరే రోజులు అయిపోయాయి మ్యామ్" అంది. ఈ దక్షిణాది వాళ్లు చిన్నా పెద్దా అందర్నీ మ్యామ్ అనే అంటారు. చివరిదాకా మేం ఒకరినొకరం అలాగే పిలుచుకున్నాం. మా మాటలన్నీ ఇంగ్లీషులోనే. నాకు గుర్తున్నట్టు తెలుగులో రాస్తున్నాను.

మూడు వారాల తర్వాత కోటు తీసుకోవడానికొచ్చి, పైన చూడనైనా చూడలేదు. తిరగేసి, లోపలి కుట్లు చూడటం మొదలుపెట్టింది. నాకు ఒళ్లు మండింది. పెళ్లిచూపుల్లో పళ్లు లెక్కపెట్టే అత్తగారిలా ఈవిడేంటి అనుకున్నాను. ప్రతి కుట్టు మీదా బొటనవేలు పోనిచ్చి, "మా అమ్మ సాక్సుల మిల్లులో ముప్పై ఏళ్లు మిషన్ కుట్టింది. పైపైన చూసేవాళ్లు కొంటారు, లోపల చూసేవాళ్లు కుడతారు అనేది" అంది. తర్వాత తల ఊపి, నాకు కొత్త కోటు ఒకటి కుట్టి పెట్టు అంది.

ఆ కోటు నా జీవితంలో నేను చేసిన అన్నిటికంటే మంచి పని. నల్ల ఊలు బట్ట మీద, భుజాల నుంచి వీపు దాకా తెల్ల డాగ్‌వుడ్ పూలు. వసంతంలో ఇక్కడ ప్రతి ఇంటి ముందూ పూసే చెట్టు అది. పూల నడుమ పచ్చటి పూసలు. దాన్ని కూడా ముందు తిరగేసే చూసింది. పక్క కుట్లలో రెండంగుళాల గుడ్డ మడత పెట్టి వదిలేసి ఉండటం చూసి, "ఇదెందుకు?" అని అడిగింది. మన దగ్గర బ్లౌజు కుట్టే ఎవర్నడిగినా చెప్తారు, ఊడదీసి వదులు చేసుకోవడానికి. పెళ్లి బ్లౌజు పురిటి తర్వాత కూడా పట్టాలి కదా. ఆ సంగతే చెప్పాను. ఆవిడ పెద్దగా నవ్వింది. "అంటే మీవాళ్లు బట్ట కోసేటప్పుడే మనిషి లావవుతుందని ఆశపడతారన్నమాట. ఇక్కడ నన్ను అలా ఆశపడి చూసినవాళ్లెవరూ లేరు."

ఆ మాట అప్పుడు నాకు అర్థం కాలేదు. అర్థమై ఉంటే మూడో ఏడు ఆ తప్పు చేసేదాన్ని కాదు.

మూడో ఏడు అక్టోబరులో స్టేట్ ఫెయిర్ అనే ఇక్కడి తిరనాళ్లకి ముందు కోటు సరిచూసుకోవడానికొచ్చింది. టేపు పెడితే ఒకటిన్నర అంగుళం పెరిగింది. మొహం కూడా నిండుగా ఉంది. నాకు నిజంగా సంతోషమేసింది. పిన్ని నోరు నా నోట్లోంచి వచ్చేసింది. "ఒళ్లు చేశారు మ్యామ్! ఇప్పుడు బావున్నారు" అని ఇంగ్లీషులో పైకే అనేశాను. ఇంగ్లీషులో అది ఎంత మొరటుగా ఉంటుందో అన్నాక కూడా నాకు తెలియలేదు. ఆవిడ మొహంలో రంగు పోయింది. టేపు నా చేతుల్లో ఉండగానే పక్కకు జరిగింది. కోటు మడిచి, టోపీ తీసుకుని, "థాంక్యూ మ్యామ్" అని వెళ్లిపోయింది. ఆరు నెలలు రాలేదు.

మా అమ్మాయి అప్పుడు హైస్కూల్లో ఉంది. జరిగింది చెప్తే తల పట్టుకుంది. "అమ్మా! యూ కాంట్ సే దట్! ఎవరి బాడీ గురించీ ఏమీ అనకూడదు. లావ్ అయ్యావ్ అనకూడదు, థిన్ అయ్యావ్ అనకూడదు. నథింగ్. ఇట్స్ సో రూడ్." మా ఆయన పక్కనుంచి, "అడుసు తొక్కనేల, కాలు కడగనేల? కొలత తీసుకో, కుట్టు, పంపించు. ఈ కామెంటరీ ఎందుకు నీకు?" అన్నాడు. ఇద్దరూ కలిసి చెప్పి చెప్పి నా బుర్రకి ఆ సంగతి ఎక్కాక, క్షమించమని ఆవిడకి కార్డు రాశాను. మాటలు మా అమ్మాయివి, చేతిరాత నాది.

వసంతంలో డాగ్‌వుడ్‌లు పూస్తుండగా మళ్లీ వచ్చింది. కుర్చీలో కూర్చుని, కోటు ఒళ్లో పెట్టుకుని, అడక్కుండానే చెప్పింది. పంతొమ్మిదేళ్లకి గిటారుతో బస్సెక్కి నాష్‌విల్ వెళ్లిందట. నాలుగేళ్లు పగలు హోటల్లో ప్లేట్లు మోసి, సాయంత్రాలు పాడి, చివరికి ఒక రికార్డు కంపెనీ కంట పడింది. ఒక్క పాట, ఒక్క వేసవి రేడియోలో మోగింది. పెట్రోలు బంకులో ఒక ట్రక్కు డ్రైవరు తన పాటని కూనిరాగం తీస్తుంటే పక్కనే నిలబడి విన్నానంది, ఆ పాట నాదేనని చెప్పడానికి సిగ్గేసిందట. ఆ కంపెనీలో ఒకావిడ ప్రతి సోమవారం టేపుతో వచ్చేది. నడుము కొలిచి, గదిలో ఉన్న మగాళ్లందరికీ వినబడేలా అంకె పైకి చదివేది. రెండో రికార్డు మొదలయ్యే ముందు అంకె పెరిగింది. ఈవిడ కడుపుతో ఉంది, పెళ్లి కాలేదు. మూడు సోమవారాలు అంకె పెరిగింది. నాలుగో సోమవారం కొలవడానికి ఎవరూ రాలేదు. తర్వాత ఫోన్ కూడా రాలేదు. పాడిన పాటలు పాడినట్టే ఎక్కడో డబ్బాల్లో ఉండిపోయాయి. కూతుర్ని కని, తల్లి దగ్గరికి, కొండల కింద ఉన్న సాక్సుల మిల్లు ఊరికి తిరిగొచ్చేసింది. అప్పటినుంచి కౌంటీ ఫెయిర్లు, పెళ్లిళ్లు, చర్చీలు, బార్బెక్యూ హోటళ్లు.

"అంకె నీ పుస్తకంలో రాసుకో. నాకు మాత్రం చెప్పకు. పెరిగినా తగ్గినా చెప్పకు. ఎప్పటికీ" అంది. నేను కుట్టుమిషన్ మీద చెయ్యేసి ఒట్టేశాను. దసరాకి బొట్టుపెట్టి దణ్ణం పెట్టే మిషన్ అది, దాని మీద ఒట్టంటే మాటలు కాదు. ఆవిడకి ఆ సంగతంతా తెలియకపోయినా, తన చెయ్యి కూడా నా చెయ్యి మీద పెట్టింది.

తర్వాత ఆరేడేళ్లు బాగా గడిచాయి. బాగా అంటే ఆవిడకేదో పేరొచ్చిందని కాదు. పేరు రాదని తెలిసీ పాడటం అలవాటైపోయిన మనిషి. ప్రతి గురువారం సాయంత్రం, మా ఇంటికి నలభై నిమిషాల దూరంలో ఒక బార్బెక్యూ హోటల్లో పాడేది. ఒకసారి మా ఆయన్ని బతిమాలి తీసుకెళ్లాను. మాంసం ముట్టని ఆయనకి తినడానికి క్యాబేజీ కూరా, మొక్కజొన్న రొట్టే తప్ప ఏమీ దొరకలేదు, మొహం ముడుచుకుని కూర్చున్నాడు. ఆవిడ "మా అమ్మ చేతుల మీద నేనే కట్టిన పాట" అని చెప్పి ఒకటి ఎత్తుకుంది. ఎన్నిసార్లు కడిగినా అమ్మ చేతుల్లో మిషన్ ఆయిల్ వాసన పోయేది కాదని, ఆ వాసన లేకపోతే తనకి నిద్ర పట్టేది కాదని ఆ పాట. మాట్లాడేటప్పుడు బొంగురుగా ఉండే ఆ గొంతు పాటలో ఎక్కడికో వెళ్లిపోయింది. నాకు పిన్ని చేతులు గుర్తొచ్చి కళ్లమ్మట నీళ్లు కారిపోయాయి. పక్క టేబుల్ వాళ్లు ఏదో బాల్‌గేమ్ గురించి పగలబడి నవ్వుతున్నారు. నేను లేచి వాళ్లవైపు తిరిగి, బళ్లో టీచర్‌లా "ష్!" అన్నాను. మా ఆయన మెనూ కార్డు మొహానికి అడ్డం పెట్టుకున్నాడు. స్టేజి మీదనుంచి ఆవిడ చూసి పాట మధ్యలోనే నవ్వేసింది.

ఆ సంవత్సరాల్లో మేం స్నేహితులమేనా అని ఎవరైనా అడిగితే ఏం చెప్పాలో నాకు తెలియదు. ఆవిడ నా కాఫీ తాగేది. నేను ఆవిడ తెచ్చిన పీచ్ పళ్లు తినేదాన్ని. నా మిషన్ చప్పుడు వింటూ కళ్లు మూసుకుని కూర్చునేది. అంతే.

పోయిన ఏడాది అక్టోబరులో కోటు తెచ్చి, "కాస్త వదులుగా అనిపిస్తోంది, చూడు" అంది. నడుము ముప్పై ఎనిమిది ఉండాల్సింది ముప్పై ఆరున్నర వచ్చింది. పుస్తకంలో రాసుకున్నాను. తీపి మానేసిందేమో అనుకున్నాను. రెండు పక్కలా కొంచెం లోపలికి పట్టి కుట్టేశాను. జనవరిలో మళ్లీ వచ్చింది. ముప్పై ఐదు. "ఈ బట్ట సాగుతోందా ఏంటి?" అని అడిగింది. "ఊలు కదా మ్యామ్, వాడేకొద్దీ సాగుతుంది" అన్నాను. ఎంత సులువుగా వచ్చిందో ఆ అబద్ధం. ఊలు అంతలా సాగుతుందని సాక్సుల మిల్లు కూతురికి చెప్తున్నానన్న ధ్యాస కూడా లేదు నాకు.

మార్చిలో ముప్పై మూడు. భుజం ఎముక నా వేలికి తగిలింది. కోటు నడుం దగ్గర పట్టించినా, భుజాల దగ్గర జారిపోతోంది, వీపు మీద పూలు ముడతలు పడుతున్నాయి. నేనేం చేశానో చెప్పాలి. లోపలి వైపు అస్తరు గుడ్డ విప్పి, పల్చటి దూది పొర పెట్టాను. భుజాలకి, వీపుకి, పక్కలకి. మళ్లీ అస్తరు కుట్టేశాను. పైన చూస్తే ఆవిడ ఎప్పట్లాగే నిండుగా ఉంది. నా పనితనానికి నేనే మురిసిపోయాను. అద్దం ముందు నిలబడి ఆవిడ చాలాసేపు చూసుకుంది.

"బాగానే ఉన్నానా మ్యామ్?"

మాట నాలుక చివరిదాకా వచ్చింది. చిక్కిపోయారు, బాగా చిక్కిపోయారు, డాక్టర్‌కి చూపించుకోండి. మిషన్ వైపు చూశాను. ఆరు నెలలు రాని సంగతి గుర్తొచ్చింది. "చాలా బావున్నారు" అన్నాను.

ఆ సాయంత్రం మా ఆయనతో చెప్పాను. "వాళ్ల హెల్త్ వాళ్ల ఇష్టం. ఆవిడకి డాక్టర్ ఉంటాడు కదా. నువ్వు మళ్లీ ఏదో అని హర్ట్ చేస్తావ్" అన్నాడు. కాలేజీలో ఉన్న మా అమ్మాయికి ఫోన్ చేశాను. "నువ్వు ప్రామిస్ చేసావ్ కదా అమ్మా. డోంట్ బ్రేక్ ఇట్. మే బీ షీ ఈజ్ డైటింగ్" అంది. వాళ్ల మీదకి నెట్టడం లేదు. ఎవరిని అడిగితే వద్దంటారో వాళ్లనే వెతుక్కుని అడిగాను. పిన్ని బతికి ఉంటే ఆవిడకి ఫోన్ చేసేదాన్ని కాదు. చేస్తే తిట్టేది.

మేలో ముప్పై ఒకటి. పక్కలు ఇంకా లోపలికి పట్టి, ఇంకో పొర దూది పెట్టాను.

జూన్‌లో ఏదో ఊళ్లో పగటిపూట ఫెయిర్. ఎండలో పాడుతుంటే పక్కన ఫిడేలు వాయించే ముసలాయన ఆవిడ కళ్లు పచ్చగా ఉండటం చూశాడట. పాట అవగానే కారెక్కించి ఆసుపత్రికి తీసుకెళ్లాడు. క్లోమంలో క్యాన్సర్. చాలా దూరం పాకేసింది. రెండు మూడు నెలలన్నారు. ఈ సంగతులన్నీ ఆవిడ ఫోన్లో చెప్తుంటే నేను గరాజ్‌లో ఎవరిదో పెళ్లి బ్లౌజు మీద నెమలి కుడుతూ ఉన్నాను. సూది ఎక్కడ వదిలేశానో తెలియదు. ఆ నెమలికి కన్ను లేకుండానే పంపించేశాను, ఆ పెళ్లివాళ్లు తర్వాత ఫోన్ చేసి అరిచారు.

రెండు రోజులకి చూడ్డానికి వెళ్లాను. మా ఇంటి నుంచి పడమటికి గంటన్నర డ్రైవ్. మెత్తగా పెరుగన్నం కలిపి తీసుకెళ్లాను. చేతులు కాలాక ఆకులు పట్టుకోవడమంటే అదే. దారంతా ఏం చెప్పాలా అని తిరగేసుకుంటూనే ఉన్నాను. చిన్న చెక్క ఇల్లు, ముందు డాగ్‌వుడ్ చెట్టు, పూలు ఎప్పుడో రాలిపోయి ఉత్త ఆకులతో. తలుపు ఆవిడ కూతురు తీసింది. నాష్‌విల్‌లో అంకె పెరగడానికి కారణమైన కూతురు. ఇప్పుడు నలభై దాటి ఉంటుంది, తల్లి పొడుగే వచ్చింది.

ఆవిడ వంటింటి టేబుల్ దగ్గర కూర్చుని ఉంది. ముందు నల్ల కోటు పరిచి ఉంది. తిరగేసి.

అస్తరు ఒక పక్క విప్పేసి ఉంది. దూది బయటికి కనబడుతోంది. పక్క కుట్టు పొడుగునా నేను వేసి, విప్పి, మళ్లీ లోపలికి జరిపి వేసిన కుట్ల బెజ్జాలు ఒకదాని పక్కన ఒకటి వరసలుగా ఉన్నాయి. నల్ల బట్ట మీద మామూలు కళ్లకి కనబడవు. కుట్టేవాళ్లకి కనబడతాయి.

నన్ను కూర్చోమంది. మొదటి వరస మీద వేలు పెట్టి, "ఇది ఎప్పుడు?" అంది.

"అక్టోబరు."

"ఇది?"

"జనవరి."

"ఇది?"

"మార్చి. దూది పెట్టింది అప్పుడే."

చివరి వరస మీద వేలు పెట్టింది గానీ అడగలేదు. నేనే "మే" అన్నాను.

కూతురు సింకు దగ్గర నీళ్లు కట్టేసింది.

"క్షమించండి. మీకు ఒట్టేశాను, అంకె చెప్పనని" అన్నాను. నా చెవులకే అది సాకులా వినబడింది.

ఆవిడ అరవలేదు. అరిస్తే బావుండేది. "నాకు అనుమానం రాలేదనుకుంటున్నావా? స్కర్టులకి పిన్నులు పెట్టుకుంటూనే ఉన్నాను. తిన్నది సయించట్లేదు. ఇన్సూరెన్స్ లేదు, డాక్టర్ దగ్గరికి వెళ్లడానికి భయం. ఏదైనా సంగతి ఉంటే ఆ గరాజ్‌లో మ్యామ్‌కి తెలుస్తుంది, ఆవిడ నోరు ఊరుకోదు అనుకున్నాను. ఒకసారి మొహం మీద అనేసిన మనిషివి కదా. అందుకే నాలుగుసార్లు నీ దగ్గరికొచ్చాను. నువ్వేమీ అనలేదు. ఏమీ లేదు కాబోలనుకుని ఇంటికెళ్లిపోయాను."

నేను ఏడ్చాను. ఆవిడ ఏడవలేదు. ఏడవడానికి కూడా ఓపిక ఉండాలి. అక్టోబరులోనే తెలిసి ఉంటే ఏమైనా ఒరిగేదా అని ఆ తర్వాత ఒక డాక్టర్‌ని అడిగాను, మన తెలుగాయనే. చెప్పలేం అన్నాడు. ఆ "చెప్పలేం"ని పట్టుకుని తేలిక పడదామని చాలా ప్రయత్నించాను. పడలేకపోయాను.

వెళ్లబోతుంటే ఆవిడ కోటు నా ముందుకి తోసింది. "ఆదివారం మా చర్చిలో పాడతాను. ఒక్క పాట. ఈ దూదంతా పీకేసి, నేను ఎంతున్నానో అంతకి కుట్టు. టేపు తెచ్చావా?" తెచ్చాను. నా సంచిలో టేపు లేని రోజు లేదు. టేబుల్ పట్టుకుని లేచి నిలబడింది. నేను చుట్టూ తిప్పాను. నలభై ఏళ్ల కిందట ఏ సోమవారమూ ఆ నాష్‌విల్ మగాళ్లు చూడనంత సన్నటి నడుము.

"పైకి చదువు" అంది.

"ఇరవై ఎనిమిది" అన్నాను.

"మీవాళ్లైతే ఏమంటారు? మీ భాషలో చెప్పు."

మీ భాషలో అంటే నాకు పిన్ని తప్ప ఎవరూ గుర్తు రాలేదు. పిన్ని బస్టాండులో నా బుగ్గలు పట్టుకుని అన్నట్టే, ఆవిడ బుగ్గలు రెండు చేతుల్తో పట్టుకున్నాను. "చిక్కిపోయావమ్మా" అన్నాను. "ఎంత చిక్కిపోయావమ్మా."

అర్థం అడగలేదు. కళ్లు మూసుకుని, నా మిషన్ చప్పుడు వినేటప్పటిలా కాసేపు అలాగే ఉంది. "థాంక్యూ మ్యామ్" అంది.

ఆ ఆదివారం పాడలేదు. శుక్రవారమే ఆసుపత్రికి తీసుకెళ్లారు. ఇంటికి తెచ్చాక ఇంకో అయిదు వారాలుంది, గొంతు ముందే పోయింది. కోటు మాత్రం నేను మాటిచ్చినట్టే కుట్టి ఇచ్చాను, ఇరవై ఎనిమిదికి. దాంతోనే పెట్టెలో పడుకోబెట్టారు. సరిపోయింది. లోపల మడిచిన గుడ్డ అంతా అలాగే ఉంది, ఎక్కడా కత్తిరించలేదు. పక్కల ఎత్తుగా కనబడుతోంది, కోసేయనా అని శవాన్ని సిద్ధం చేసే ఫ్యూనరల్ హోమ్ అమ్మాయి అడిగితే వద్దని కోప్పడ్డాను కూడా.

చర్చిలో జనం బాగానే వచ్చారు. ఫిడేలు ముసలాయన వాయించాడు. అమ్మ చేతుల పాటని ఎవరో పాడారు, తాళం తప్పింది. నేను వెనక వరసలో కూర్చున్నాను. అందరూ కూతురి దగ్గరికెళ్లి చెయ్యి పట్టుకుని, మీ అమ్మ మంచి చోటికెళ్లింది, నువ్వు ధైర్యంగా ఉన్నావు, బావున్నావు అని చెప్పి వెళ్తున్నారు. నా వంతొచ్చింది. దగ్గర్నుంచి చూశాను. నల్ల గౌను భుజాల దగ్గర వేలాడుతోంది. జూన్‌లో తలుపు తీసిన మనిషిలో ముప్పాతిక వంతు కూడా లేదు. మెడ దగ్గర ఎముకలు తేలి ఉన్నాయి.

మా అమ్మాయి చెప్పింది గుర్తుంది. మా ఆయన చెప్పింది గుర్తుంది. నా వెనక ఇంకా పది మంది నిలబడి ఉన్నారు.

"చిక్కిపోయావు. ఎప్పుడు తిన్నావు?" అన్నాను ఇంగ్లీషులోనే, అందరికీ వినబడేలా.

ఆ పిల్ల నావైపు అలాగే చూసింది. కోపమొస్తుందనుకున్నాను. రానీ అనుకున్నాను.

"నిన్న పొద్దున, మ్యామ్" అంది.

చర్చి వెనక హాల్లో ఊరి ఆడవాళ్లు పళ్లేలు పరిచి ఉన్నారు. చెయ్యి పట్టుకుని, వరసలోంచి తప్పించి, అక్కడికి తీసుకెళ్లాను.